నీలం అట్టల నోటు పుస్తకాలు

లేని వస్తువుకు బరువు ఉంటుందా? ఉంటుంది. ఏళ్ళుగా మోస్తున్నాను. నీలం అట్ట వేసిన నోటు పుస్తకాలు, ముప్పై ఏళ్ళ లెక్కలున్నవి. వాటిలో ఒక్కటి కూడా ఈ భూమి మీద లేదు. నేనే కల్పించాను. ఈ సంగతి ఇంట్లో మా ఆవిడకు కూడా చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెప్పగలుగుతున్నాను.

విజయనగరంలో ఒక దినపత్రిక జిల్లా డెస్కులో చాలా కాలం పనిచేశాను. పత్రిక పేరు అడగకండి, నా పేరూ వద్దు. ఇది హుద్‌హుద్ తుఫాను వచ్చి వెళ్ళిన మరుసటి వేసవి సంగతి. వారానికి ఒకసారి మా పేజీల్లో చర్చ శీర్షిక వచ్చేది. ఎడమవైపు ఒకరు అవునంటారు, కుడివైపు ఇంకొకరు కాదంటారు. రెండు వ్యాసాలూ సమానంగా ఉండాలి. ఒకటి పొడుగైతే వాక్యాలు కత్తిరించి సరిచేసేవాణ్ణి. విషయం ఏదైనా సరే, రెండు వైపులు ఉండి తీరాలి. అదే న్యాయమని నమ్మేవాణ్ణి. ఆ వారం విషయం, భూమి వేడెక్కుతోందా అన్నది.

ఎడమవైపు వ్యాసం ముందే వచ్చింది. రాసినవారు వరహాలమ్మ టీచరుగారు. నరసన్నపేటలో బట్టల కొట్టు వాళ్ళింటి ఆడపడుచు, సైన్సు చెప్పి రిటైరయ్యారు. చుట్టుపక్కల అయిదారు పల్లెల్లో తెలిసిన రైతుల పెరళ్ళలో తెల్ల రంగు వేసిన చెక్కపెట్టెలు పెట్టించి, వాటిలో పగటి గరిష్ఠం, రాత్రి కనిష్ఠం నిలిపి చూపే థర్మామీటర్లు ఉంచి, రోజూ ఉదయం ఎనిమిదింటికి చూసి రాయించేవారు. ఇరవై ఏళ్ళకు పైగా. పగటి ఎండ మాట అలా ఉంచితే, రాత్రులు మునుపటిలా చల్లబడడం లేదని ఆమె లెక్కల్లో తేలింది. దాన్ని కూడా గొంతు పెంచకుండా రాశారు. ఇది మా కొద్ది ఊళ్ళ సంగతి, ఇంకెవరి దగ్గరైనా కొలతలుంటే పక్కన పెట్టి చూసుకోవాలి అని.

కుడివైపు ఖాళీ. తెలిసిన లెక్చరర్లందరికీ ఫోను చేశాను. వేడెక్కడం లేదని రాయడానికి ఒక్కరూ ఒప్పుకోలేదు. ఒకాయన నవ్వి, లేని వాదం ఎక్కణ్ణుంచి తెమ్మంటారండీ అన్నాడు. ఆ నవ్వు దగ్గరే ఆగిపోవలసింది. ఒక వైపు మనిషే దొరకని విషయానికి రెండు వైపులు ఎందుకుండాలి అని ఎవరైనా అడుగుతారు. నేను అడగలేదు. మధ్యాహ్నం మూడయింది. నాలుగింటికి పేజీ వెళ్ళాలి. నేనే కూర్చుని రాశాను.

పేరు ప్రకాశరావు అని పెట్టాను. విశ్రాంత అధ్యాపకుడు, కొత్తవలస. కొత్తవలస ఎందుకంటే అది రైల్వే జంక్షను, వచ్చేవాళ్ళు, పోయేవాళ్ళు ఎక్కువ, ఎవరని ఎవరూ వాకబు చెయ్యరు. అయినా వ్యాసం తేలిపోయినట్టు అనిపించింది. బరువు కోసం ఒక వాక్యం చేర్చాను. ‘మా పెరట్లో ముప్పై ఏళ్ళుగా రోజూ వేడి కొలిచి నీలం అట్టల నోటు పుస్తకాల్లో రాసుకుంటున్నాను, వాటిలో ఏ మార్పూ కనబడడం లేదు’ అని. నీలం అట్ట అనే మాట తట్టినప్పుడు సంతోషించాను కూడా. ఎన్నో ఏళ్ళు వార్తలు దిద్దినవాణ్ణి కదా, ఏ వివరం పెడితే జనం నమ్ముతారో నాకు తెలుసు.

నమ్మారు. కుడివైపు వ్యాసం బాగుందని ఉత్తరాలొచ్చాయి.

వారం తిరక్కుండా టీచరుగారు బస్సెక్కి విజయనగరం వచ్చి, పుస్తకాలు చూడాలని ప్రకాశరావుగారి చిరునామా అడిగారు. ఊళ్ళో లేరన్నాను. ఆ తర్వాతి వారం మళ్ళీ వచ్చారు. ఈసారి తప్పించుకోవడానికి, పోయారటండీ, గుండెపోటు, అన్నాను. ఆమె కళ్ళద్దాలు తీసి కొంగుతో తుడుచుకున్నారు. ‘మరి పుస్తకాలు?’ అని మాత్రం అడిగారు. నాకు తెలియదన్నాను. ఆమె మెట్లు దిగి వెళ్ళిపోయాక, గండం గడిచిందనుకున్నాను. అవును, అలాగే అనుకున్నాను.

నాలుగేళ్ళు గడిచాయి. మరో వేసవిలో ఎండల మీద కథనం రాయడానికి నరసన్నపేట వెళ్ళి, ఆమె ఇంటికే వెళ్ళాను. ఎందుకు వెళ్ళాను? పాత సంగతి మర్చిపోయానా? మర్చిపోయాను. ఇది రాయడం అన్నిటికంటే కష్టంగా ఉంది.

“రండి బాబూ. మీ పేపరోళ్ళకి ఎండలొస్తేనే నేను గుర్తొస్తాను,” అన్నారు. మజ్జిగ ఇచ్చారు. గురువులు అనే రైతు ఆ నెల కొలతల కాగితం తెచ్చి గుమ్మం పక్కన కూర్చున్నాడు. ఈ లెక్కలన్నీ పుస్తకంగా ఎప్పుడు వస్తాయని మాటవరసకు అడిగాను.

“ఇశాపట్నం నుంచి సదువుకున్నోళ్ళు వచ్చి అడిగినారు బాబూ,” అన్నాడు గురువులు. “రిజిస్టర్లు ఇచ్చీండి, అచ్చేస్తాం అన్నారు. ఈవిడ ఇస్తేనా? కొత్తవలస ముసిలోడి పుస్తకాలు దొరికితే గాని ఇవ్వనంతాది.”

“ఏ ముసలాయన?” అన్నాను.

“ప్రకాశరావుగారు. అప్పుడే మర్చిపోయినారేటి?” అన్నారు టీచరుగారు. లోపలికి వెళ్ళి మా పత్రిక ముక్క తెచ్చారు. మడతల దగ్గర చిరిగి, వెనక కాగితం అంటించి ఉంది. నీలం అట్టల వాక్యం కింద ఎర్ర సిరాతో గీత. “పదకొండుసార్లు కొత్తవలస వెళ్ళాను బాబూ. తిలారు స్టేషన్లో పాసింజరు ఎక్కి వెళ్ళడం, సాయంత్రానికి రావడం. పాత కాగితాల కొట్లు, పింఛన్ల ఆఫీసు, బడులు, అన్నీ అడిగాను. ఆయన్ని ఎరిగినవాళ్ళు ఒక్కరూ లేరు. ఎవరూ లేని మనిషేమో పాపం.”

“నాను మా అత్తోరింటికి కూడా అన్ని మాట్లు ఎల్లలేదు,” అన్నాడు గురువులు. “అక్కడ పాత కాగితాల కొట్టోడు ఈవిణ్ణి దూరం నుంచి సూసీసి, నీలం అట్టలు రాలేదమ్మా అని కేకేస్తాడు. సచ్చినోడు సావక మా టీచరమ్మని రైలెక్కిస్తన్నాడు.”

“ఊరుకో గురువులూ. పోయినాయన్ని అలా అనకూడదు.”

చేతిలోని మజ్జిగ గ్లాసు కింద పెట్టాను. “ఆయన పుస్తకాలు లేకపోయినా మీ లెక్కలు మీవే కదండీ. ఇచ్చెయ్యండి,” అన్నాను.

“ఎలా ఇస్తాను? నా లెక్కకి ఎదురు లెక్క ఒకటి ఉన్నాదని తెలిసీ, దాన్ని చూడకుండా నాదే నిజమని అచ్చేయించుకోనా? మరి పిల్లలకి ఇన్నేళ్ళూ ఏటి చెప్పినట్టు నేను?” మోకాలు ఒత్తుకుంటూ నవ్వారు. “నాది తప్పయితే తప్పని తెలియాలి కదా. వచ్చే నెల ఇంకోసారి వెళ్తాను.”

అప్పుడైనా చెప్పి ఉండవచ్చు. ఎదురుగా ఉన్నారు. గురువులు తప్ప ఇంకెవరూ లేరు. ఒక్క వాక్యం చాలు. నేను లేచి చెప్పులేసుకుంటూ, “దొరుకుతాయి లెండి టీచరుగారూ,” అన్నాను.

ఆ మాట నా నోటి నుంచి ఎలా వచ్చిందో ఇప్పటికీ తెలియదు. బస్సులో కిటికీ పక్కన కూర్చున్నాను. బయట ఎండ నిప్పులు చెరుగుతోంది, నాకు చలి. అంతవరకూ నేను చేసింది ఒక పేజీ నింపడం అనుకున్నాను, మా వృత్తిలో జరిగే చిన్న మోసం, మర్నాటికి పొట్లాలు కట్టుకునే కాగితం మీద ఉండిపోయేది అనుకున్నాను. కానీ అది పదకొండుసార్లు రైలెక్కింది. ఆమె కాస్త తక్కువ నిజాయితీ ఉన్న మనిషయితే నా అబద్ధం ఆమెను తాకేదే కాదు. ఆ పాటికి రిజిస్టర్లు విశాఖ చేరేవి, నలుగురూ చూసేవారు, వాదించేవారు. రెండు వైపులూ చూపించానని అనుకున్నాను. ఒక వైపు ఇరవై ఏళ్ళ ఉదయాలు. ఇంకో వైపు నా ఒక మధ్యాహ్నం, అందులోనూ ఒక గంట. వాటిని పక్కపక్కన, సమానంగా కత్తిరించి పెట్టాను. ఎవరికి న్యాయం చేశాను?

ఆ తర్వాత నాలుగుసార్లు ఫోను చేతిలోకి తీసుకున్నాను. ఒకసారి ఆమె గొంతు వినిపించింది కూడా. పెట్టేశాను. భయమా? పరువా? రెండూ కాదనుకుంటాను. ఆమె కోప్పడితే భరించగలను. అయ్యో, మరి ఆ లెక్కలు ఎక్కడా లేవా బాబూ అని అడిగితే? ఆ గొంతులో నిరాశ వినిపిస్తే?

పత్రికలో ఉన్నన్నాళ్ళూ సవరణలు రాసే పని నాదే. చివరి పేజీలో అడుగున, చిన్న డబ్బాలో. పేర్లు తప్పు పడినవి, ఊళ్ళు మారినవి వందలు సరిచేశాను. ఈ ఒక్కటీ రాయలేదు. నిన్న రాశాను. నా పేరు, సంతకం పెట్టి నరసన్నపేటకు రిజిస్టరు పోస్టులో పంపాను. ఇక్కడ పేరు దాచుకున్నాను, అక్కడ దాచుకోలేదు. ఆమె ఏమంటారో తెలియదు. అనకపోయినా అడిగే హక్కు నాకు లేదు. పోస్టాఫీసు మెట్లు దిగుతుంటే మాత్రం చాలా కాలం తర్వాత ఊపిరి కడుపు దాకా వెళ్ళింది. అంతే. అంతకు మించి ఏమీ మారలేదు.

ఆ కాగితంలో ఉన్నది ఇది:

‘ప్రకాశరావు అనే మనిషి లేరు. ఆయన పోలేదు, ఎందుకంటే ఎప్పుడూ పుట్టలేదు. నీలం అట్టల పుస్తకాలు లేవు. ఆ వ్యాసం రాసింది నేను. మీ లెక్కకు ఎదురు లెక్క నా దగ్గర ఎన్నడూ లేదు. దయచేసి ఇక కొత్తవలస వెళ్ళకండి.’

సవరణల కింద ‘పొరపాటుకు చింతిస్తున్నాం’ అని రాయడం మా అలవాటు. చెయ్యి దానంతట అదే రాయబోయింది. ఆపాను. జరిగింది పొరపాటు కాదు కదా.