మూగబొమ్మలో అమ్మమ్మ అడిగిన మాట

నిన్న సాయంత్రం మనవరాలు తన ఫోనులో పాత మూగ సినిమాల తారల ఫోటోలు వరసగా జరుపుతూ, వీళ్ళలో ఎవరైనా తెలుసా అవ్వా అని అడిగింది. సగం మంది కింద పేరు కూడా లేదు, నటి అని రాసి ఊరుకున్నారు. ఓపిక లేకపోయినా కళ్ళద్దాలు తుడుచుకుని చివరిదాకా చూశాను. మా అమ్మమ్మ ఆ పేరులేని వాళ్ళలో కూడా లేదు. మన ఈడుకు వచ్చాక వెతకడం కూడా విసుగే.

అమ్మమ్మ మద్రాసు వెళ్ళి మూగబొమ్మల్లో వేషాలు వేసిన మనిషి. అప్పటికి ఇంకా పాలు మానని మా అమ్మను పుదుచ్చేరి పక్కన రెడ్డియార్‌పాళయంలో తన అక్క దగ్గర వదిలి వెళ్ళిందట. తరవాత బొమ్మలకు మాటలొచ్చాయి. మా ఇళ్ళ తెలుగు కలిసిన ఆమె అరవం, అరవవాళ్ళకు నచ్చలేదు, తెలుగువాళ్ళకేమో ఆమె తెలుగే అరవంలా వినిపించింది. ఎటూ కాకుండా ఇల్లు చేరేసరికి విషజ్వరం తగిలి అమ్మకు చెవులు పోయి ఉన్నాయి.

అమ్మ మా పెదవులు చూసి మాటలు పట్టుకునేది, ఎంత గొణిగినా దొరికిపోయేవాళ్ళం. అమ్మమ్మ నోరు తెరిస్తే మాత్రం మొహం తిప్పుకునేది, తిప్పుకుంటే ఇక ఏ మాటా ఆమెకు చేరదు కదా. తల్లిని అమ్మా అని ఒక్కనాడూ పిలవలేదు, నాతో చెప్పాల్సి వచ్చినా 'మీ అవ్వ' అనేది. ఒకే వంటింట్లో వాళ్ళిద్దరి మధ్య మాటలు మోసి మోసి నేను చిన్నతనంలోనే అలిసిపోయాను.

పుదుచ్చేరిలో ఫ్రెంచి జెండా పోయి మన జెండా వచ్చిన రోజులవి. ఒక ఫ్రెంచి దొర తన సినిమా హాలు అమ్మేసి వాళ్ళ దేశం వెళ్ళిపోతూ, మూలపడ్డ పాత రీళ్ళను ఒక మధ్యాహ్నం ఊరికే ఆడించాడు. వాటిలో తన బొమ్మ ఉందని తెలిసి అమ్మమ్మ నా గడ్డం పట్టుకుంది. "ఒక్క తూరి వచ్చి చూడమను మే మీ అమ్మని, ఇంకేమీ అడగను" అంది. మాటల బొమ్మలు వినపడక సినిమాలే మానేసిన అమ్మ, నా పోరు పడలేక మా ఇద్దరితో బయల్దేరింది.

తెర మీద అమ్మమ్మ అడవుల పాలైన రాణి. తెరపై పడిన అక్షరాలను ఒకాయన అరవంలో పైకి చదివాడు, నాథా నన్ను విడిచి పోవద్దని. జనం కళ్ళొత్తుకున్నారు. అమ్మ అక్షరాల జోలికి పోలేదు, రాణి పెదవులనే చూస్తోంది. ఆ రోజుల్లో పెదవులు కదిలితే చాలని, ఏం మాట్లాడినా అడిగే దిక్కు లేదని అమ్మమ్మ నాకు ఎన్నోసార్లు చెప్పింది. అమ్మ ఉన్నట్టుండి నా చెయ్యి పట్టుకుంది.

"పాపకి పాలు పట్టినారా, తాగిందా అని అడగతా ఉండాది" అంది. తన గొంతు తనకు వినపడదు గనక హాలంతా మారుమోగింది. ముందు వరసలో ఎవరో కసురుకున్నారు. అమ్మ అదేమీ ఎరగక, పక్కనే కూర్చున్న అమ్మమ్మ వైపు తిరిగింది.

"తాగినాను అమ్మా. పెద్దమ్మ పట్టింది."

ఆ మాట అని, జవాబు కోసం అమ్మమ్మ పెదవుల వంకే చూస్తూ కూర్చుంది. పెదవులు కదపడమే పనిగా బతికిన అమ్మమ్మ ఆ పూట చేత్తో అమ్మ గడ్డం పట్టుకుంది. నేను వెక్కి వెక్కి ఏడ్చాను.

ఆ రీళ్ళు ఏమయ్యాయో తెలియదు. వాళ్ళిద్దరూ పోయారు, హాలున్న చోట బట్టల కొట్లు వచ్చాయి. నిన్న ఇదంతా మనవరాలికి చెబుదామని మొదలుపెట్టాను. అది చెవుల్లో ఏవో పెట్టుకుని ఫోనులో తల దించేసింది. నా పెదవుల వంక చూసేవాళ్ళు ఈ ఇంట్లో ఇప్పుడెవరూ లేరు.