గ్లాసు పాకానికి అయిదు గ్లాసుల నీళ్లు

ఆ రోజుల్లో నాకు లెక్కలు బాగా వచ్చని ఊరంతా నమ్మేది. అందరికంటే గట్టిగా నేను నమ్మేదాన్ని. ఆరో తరగతిలో మిశ్రమాల లెక్కలు, అంటే పాలలో నీళ్లెన్ని, ఇత్తడిలో రాగి ఎంత అనే రకం, క్లాసులో ముందుగా చేసి చూపించేది నేనే. (జవాబులు పుస్తకం చివరి పేజీల్లో ఉండేవి. అక్కడినుంచి వెనక్కి నడిచి లెక్క దగ్గరికి రావడం నాకు బాగా అలవాటు.) ఈ సంగతి తెలియని మా అవ్వ చేవెళ్లలో కూరగాయలు అమ్ముతూ కూడా "మా మనుమరాలు లెక్కలల్ల పులి" అని కొనేవాళ్లకు చెప్పేది.

ఆ ఏడు మా చర్చిలో కోత పండుగ ఎండలు ముదిరాక వచ్చింది. ఆరాధన అయ్యాక అందరికీ నిమ్మకాయ షర్బత్ ఇవ్వాలి. చిన్న మంగళారం నుంచి వచ్చే చుట్టాలతో కలిపి నూట ఇరవై మంది, మనిషికో గ్లాసు. అవ్వ పొద్దున్నే ఇరవై గ్లాసుల పాకం కాచి, నిమ్మకాయలు పిండి, నీళ్లు కలిపే పని అందరి ముందూ నాకు అప్పగించింది. "గ్లాసు పాకానికి అయిదు గ్లాసుల నీళ్లు, బిడ్డా. రుచి చూసుకుంట కలుపు." రుచి చూడడం లెక్కలు రానివాళ్ల పని కాబట్టి నేను చూడలేదు. ఒకటికి అయిదంటే తేడా నాలుగు. పాకం ఇరవై అయితే నీళ్లు ఇరవైనాలుగు. పెద్ద బగోనలో జాగ్రత్తగా కొలిచి పోసి, మూతపెట్టి, వెళ్లి ఆరాధనలో మొదటి వరుసలో కూర్చున్నాను.

మొదటి గ్లాసు పాస్టరయ్యకు ఇచ్చాను. ఆయన ఒక గుటక వేసి, కాసేపు కళ్లు మూసుకుని, మంచినీళ్లు అడిగారు. పక్కనున్న మా పెద్దబాపు అదే గ్లాసు అందుకుని రుచి చూసి, మీసాలు తుడుచుకుంటూ "ఇది తాగాల్నా, నాకాల్నా?" అని నెమ్మదిగా అడిగాడు. బగోనలో చూస్తే సగం కూడా లేదు. వరుస గేటు దాకా ఉంది. నా పరువు సరే, నన్ను ఊరంతా పొగిడిన అవ్వ పరువు పోతుందని ఏడుపొచ్చింది.

అవ్వ వచ్చి "ఎన్ని పోసినవ్?" అంది. "ఇరవైనాలుగు." "ఎట్ల?" తేడా నాలుగు సంగతి వివరించాను. ఓపికగా మొత్తం విని, "మంచిగనే ఉన్నది. జర ఆ చెంబు అందుకో" అంది. చెంబుతో నీళ్లు పోయడం, కలపడం, చుక్క అరచేతిలో వేసుకుని చప్పరించడం. నేను అలవాటుకొద్దీ లెక్కపెట్టాను. నాలుగు గ్లాసులు పట్టే చెంబుతో ఇరవై చెంబులు. షర్బత్ అందరికీ అందింది. అడిగినవాళ్లతో అవ్వ "పిల్ల చిక్కగ కలిపింది, నేను జర పల్చగ చేసిన" అని ఊరుకుంది.

ఆ సాయంత్రం మొదటిసారి చివరి పేజీ లేకుండా ఒక లెక్క చేశాను. కావలసిన నీళ్లు వంద గ్లాసులు. నేను పోసినవి పోగా డెబ్బై ఆరు, అంటే పందొమ్మిది చెంబులు. అవ్వ తప్పు దొరికినందుకు నాకు కలిగిన సంతోషం చెప్పరానిది. పరుగెత్తుకెళ్లి "అవ్వా, ఒక చెంబు ఎక్కువ పోసినవ్" అన్నాను. "పాస్టరయ్యకు షుగరున్నది గదా" అంది అవ్వ, గిన్నెలు తోముతూనే.

ఇప్పుడు నేను మొయినాబాద్‌లో ఒక బడిలో లెక్కలు చెబుతున్నాను. అవ్వ పోయి చాలా ఏళ్లయింది. మొన్న ఒక అమ్మాయి నోటుపుస్తకంలో మిశ్రమాల లెక్క కింద "తేడా నాలుగు" అని పొందికగా రాసి ఉంది. ఎర్రపెన్ను తీశాను గానీ కొట్టేయడానికి చేయి రాలేదు. మర్నాడు పాకం, చెంబు, గ్లాసులు క్లాసుకే తీసుకెళ్లాను. ఆ అమ్మాయి తన లెక్క ప్రకారమే కలిపి, ఒక గుటక వేసి, మంచినీళ్లు అడిగింది. తక్కువైన నీళ్లు నేను కలిపాను, చుక్క అరచేతిలో వేసుకుని మరీ. పిల్లలంతా బాగుందన్నారు. నాకు మాత్రం ఎక్కడో ఒక చెంబు తక్కువైనట్టే అనిపించింది.