తాత పలికిన డైలాగు

నాలుగేళ్ల కిందట, కువైట్‌లో ఉండేందుకిచ్చే ఇఖామా పర్మిట్టు కోసం మెడికల్ టెస్టుకు వెళ్లిన రోజది. కువైట్‌కు వచ్చి రెండు నెలలైనా నాకు అరబ్బీ ముక్క రాదు. నేను పనికున్న ఇంటి యజమానురాలిని మామా అనేవాళ్లం. ఆమె వేలితో చూపిస్తే తలూపి పని చేసేదాన్ని.

వెయిటింగ్ హాల్లో టీవీ సౌండు లేకుండా నడుస్తోంది. నా పక్కన అరవై ఏళ్ల చైనా ఆయన కూర్చున్నాడు. అహ్మది ఊళ్లో మనవాళ్లతో పనిచేస్తూ హిందీ నేర్చుకున్నాడట. టీవీ చూసి నవ్వాడు.

"మా తాత పని కూడా ఇదే. షాంఘైలో మూకీ సినిమాల హీరో."

"మాటల్లేని సినిమాకు కష్టమేముంటాదన్నా? నోరు ఆడిస్తే సాలు గదా!" అన్నాను, నాకొచ్చిన ఉర్దూలో.

ఆయన నవ్వు ఆగిపోయింది. "లేదమ్మా. ప్రతి డైలాగూ తన ఊరి యాసలో గట్టిగా పలికేవాడు. ఎవరికీ వినపడదు. అయినా పలక్కపోతే మొహంలోకి ప్రాణం రాదనేవాడు. తర్వాత టాకీలొచ్చాయి. ఆ యాస ఎవరికీ అక్కర్లేదు. ఖలాస్. సినిమా హాలు గేటు దగ్గర టికెట్లు చింపుతూ బతికాడు."

తాత డైలాగు ఒకటి ఆ యాసలోనే పలికి చూపించాడు. ఒక్క ముక్క అర్థం కాలేదు. కానీ ఎవరినో వెళ్లొద్దని బతిమాలుతున్నాడని తెలిసిపోయింది. అంతలో నా నంబరు పిలిచారు.

మర్నాడు మామా ఎంగిలి గ్లాసు వైపు వేలు చూపింది. తలూపబోయి ఆగాను.

"అట్లనే మామా, ఇప్పుడే కడిగి తీసుకొస్తా," అన్నాను, మా కడప మాటలోనే.

ఆమె వేలు దించింది. మొదటిసారి నా మొహంలోకి చూసింది.