పుతలి కట్టిన మెడ

బాన్సువాడ బజారులో బంగారు దుకాణాలు ఇప్పుడు అద్దాల గదులైపోయాయి. లోపల చల్లగా ఉంటుంది, కూర్చోమంటారు, చిన్న కప్పులో చాయ్ కూడా ఇస్తారు. ఈ మధ్య అలాంటి దుకాణానికి వెళ్లి చేతిసంచిలోంచి ఒక నాణెం తీసి బల్ల మీద పెట్టాను. దారం ఎక్కించే కొండి ఊడేలా ఉంది, అతికించమన్నాను. దుకాణదారు దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు.

"ఏంది మేడం ఇది? బొమ్మలన్నీ అరిగిపోయినయి. కరిగిస్తే మంచి చెవులకమ్మలైతయి."

"ఇది పుతలి" అన్నాను.

ఆయనకు ఆ మాట తెలియదు. తెలియనందుకు బాధ కూడా లేదు. "అట్లనా" అని తలూపి తూకం దగ్గరికి పోబోయాడు. తూకం వద్దు, కొండి చాలు అని కాస్త గట్టిగానే అన్నాను. పాపం ఆయన మీద విసుక్కోవాల్సిన పని లేదు. ఆ పేరు తెలిసిన మనుషులే ఊళ్లో లేకుండా పోతున్నారు. వాళ్లలో నాకు బాగా దగ్గరి మనిషి పోయిన ఏడాది పోయింది. ఈ పుతలి ఆమె మెడలోది. ఆమె మా చిన్నమ్మ, మా బాపు రెండో భార్య.

పుతలి అంటే బొమ్మ. నిఘంటువు తీస్తే ముందుగా కనిపించే అర్థం అదే. పాతకాలపు బంగారు నాణెం అన్న అర్థం దాని వెనక వస్తుంది. మీద మనుషుల బొమ్మలుండబట్టి నాణేనికే ఆ పేరు పడిందట. మా అమ్మ పుట్టిల్లు మద్నూర్ అవతల. అక్కడి ఆడవాళ్ల మాటలో సగం మరాఠీ, సగం తెలుగు. వాళ్లకు అది "పుతళి". చక్కని పిల్ల ఎదురైతే అక్కడి ముసలివాళ్లు "పుతళి లెక్క ఉన్నది" అని బుగ్గ గిల్లేవారు. మా పక్కింటావిడది కోస్తా మూలం, వాళ్ల తాతలు కాలువ నీళ్లు చూసి వచ్చి ఇక్కడ పొలాలు కొనుక్కున్నారు. ఆవిడకు ఇలాంటివన్నీ కాసులే. "పుతలేంటండీ, కాసు అనండి హాయిగా" అని నన్ను ఉడికించేది. కాసు వేరు, పుతలి వేరు అని నేను వాదనకు దిగేదాన్ని. బడిలో పాఠాలు చెప్పి చెప్పి వచ్చిన జబ్బు అది.

నాణెమే అయినా దీంతో ఎవరైనా ఏదైనా కొన్నారని మా ఇంట్లో నేను వినలేదు. నిజాం హాలి రూపాయి, ఇంగ్లీషువాళ్ల కల్దారు రూపాయి అని మా తాత చెప్పే నాణేలు చేతులు మారేవి. పుతలి మాత్రం మెడకే. వరసగా గుచ్చి దండ చేసి వేసుకునేవారు. అమ్మ అలాంటి దండ వేసుకునే కాపురానికి వచ్చిందట. నాకు గుర్తు లేదు. ఆమె మంచాన పడ్డాక పుతలీలు ఒకదాని వెంట ఒకటి దవాఖాన ఖర్చులకు పోయాయి. ఆమె పోయేనాటికి ఒకటే మిగిలింది. నాకు అప్పుడు పలక పట్టే వయసు. అమ్మ ఫోటో ఒక్కటి కూడా లేదు. ఫోటో తీయించుకోవాలని ఎవరికీ తోచలేదు.

మా ఇళ్లల్లో ఒక పద్ధతి ఉండేది. మొదటి భార్య పోయిన ఇంటికి వచ్చే రెండో భార్య తన పుస్తెతో పాటు పోయినామె పేరున ఒక బిళ్ల కూడా కట్టుకోవాలి. కొందరు వెండి రేకు మీద ఆడమనిషి రూపు కొట్టించేవారు. మా ఇంట్లో ఆ మిగిలిన పుతలికి కొండి పెట్టించి, ఎర్ర దారంతో చిన్నమ్మ మెడలో కట్టారు. ఇక ఆ క్షణం నుంచి అది నాణెం కాదు, నగ కాదు, మా అమ్మ. బతికున్నంత కాలం దాన్ని మెడలోంచి తీయకూడదు. తీస్తే, తనను మరిచిపోయారని పోయినామె నొచ్చుకుంటుందట. నొచ్చుకుని ఎవరినీ తిట్టదు, కొట్టదు. తన కడుపున పుట్టినవాళ్లను తన దగ్గరికి పిలుచుకుంటుంది.

మా అమ్మ కడుపున పుట్టింది నేనొక్కదాన్నే.

చిన్నమ్మకు పిల్లలు కాలేదు. మొదటామె కానియ్యలేదని చుట్టాలు గుసగుసలాడేవారు. చిన్నమ్మ ఆ మాట పడనిచ్చేది కాదు. "అక్క అసొంటిది గాదు" అని కోపానికి వచ్చేది. తను కళ్లతో చూడని మనిషిని ఎంత వెనకేసుకొచ్చేదో! కొత్త చీర కొంటే ముందు దాని కొంగు పుతలికి తాకించి, తర్వాతే కట్టేది. పోయిన పెద్దలకు పెట్టే పెత్రమాస నాడు అక్క పేరున బియ్యం, కూరగాయలు ఇచ్చి, ఆ సాయంత్రమే నాకు బతుకమ్మ పేర్చి పంపేది. తల స్నానం చేసినప్పుడల్లా మిగిలిన కుంకుడు రసంతో పుతలిని మెడలో ఉండగానే రుద్దేది. అలా రుద్ది రుద్దే బొమ్మలు అరిగాయి.

నా చిన్నప్పుడు ఆ బొమ్మలు బాగా కనిపించేవి. ఒక పక్క ఇద్దరు మనుషులు. ఒకరు నిలబడి ఉంటారు, ఇంకొకరు మోకాళ్ల మీద ఉంటారు, ఇద్దరి మధ్య ఒక కర్ర. రెండో పక్క చుక్కల నడుమ ఒక్క మనిషి. "గా సుక్కలల్ల ఉన్నది మీ అమ్మ" అని చిన్నమ్మ చూపించేది. ఆమె ఒళ్లో పడుకుని నేను ఆ ముఖం కోసం కళ్లు చికిలించి చూసేదాన్ని. నువ్వుగింజంత కూడా లేని ముఖం. నాకు ముక్కు కనిపించేది, నవ్వు కూడా కనిపించేది.

పెద్దయ్యాక, ఉద్యోగంలో చేరాక, ఒక పుస్తకంలో అచ్చం అలాంటి నాణెం బొమ్మ చూశాను. సముద్రాల అవతల ఏదో దేశం నుంచి వర్తకుల ఓడల్లో వచ్చిందట. దాన్ని చూసి మన దగ్గరా అలాంటివి చేశారట. నిలబడ్డవాడు వాళ్ల సాధువు, మోకరిల్లినవాడు వాళ్ల దొర, చుక్కల్లో ఉన్నది వాళ్ల దేవుడు. అందరూ గడ్డాల మగవాళ్లే. ఇన్నేళ్లూ నేను ఎవరి ముఖంలో అమ్మను వెతుక్కున్నానో అని నవ్వొచ్చింది, మరుక్షణం ఏడుపొచ్చింది. ఇంటికి వచ్చి చెబితే చిన్నమ్మ చిక్కుడుకాయల ఈనెలు తీస్తూ తీస్తూ వింది.

"గడ్డముంటే ఏంది? గిన్నేండ్ల సంది అక్కా అని పిలుస్తున్న. గిప్పుడు గాదంటే ఇంటదా?" అంది.

ఆమె నన్ను ఎలా పెంచిందో చెప్పాలంటే ఒక్క సంగతి చాలు. కొత్తలో నేను ఆమెను "అమ్మా" అని పిలిచేదాన్ని. ఆమె పలికేది కాదు. పుతలిని రెండు వేళ్లతో పైకెత్తి చూపించి, "అమ్మ ఈడుంది బిడ్డా. నేను చిన్నమ్మను" అనేది. కసిరి కాదు, అక్షరాలు దిద్దించినట్టు నెమ్మదిగా. జ్వరంలో పలవరిస్తూ పిలిచినా అంతే, ముందు చేయి మెడ దగ్గరికి పోయేది. కొన్నాళ్లకు నాకు అలవాటైపోయింది. కానీ లోపల ఎక్కడో ఒక మొండితనం ఉండిపోయింది. ఒక్కసారి, ఒకే ఒక్కసారి, ఆ పిలుపుకు ఈమె పలికితే బాగుండును అని. అంత పెద్దదాన్నయ్యాక కూడా ఆ ఆశ పోలేదు.

బాపు పోయినప్పుడు ఆడవాళ్లు చుట్టూ కూర్చుని ఆమె పుస్తె, మట్టెలు తీశారు. తలవంచి తీయించుకుంది. పుతలి మీద చేయి పడగానే గుప్పిట బిగించింది. "గది ఆయనది గాదు, అక్కది. పిల్ల ఉన్నది" అంది. ఎంతమంది చెప్పినా గుప్పిట విప్పలేదు. ఆ తర్వాత బాన్సువాడలో నా దగ్గరే ఉండిపోయింది.

రెండేళ్ల కింద ఆమె గొంతు బొంగురుపోయింది. మింగడానికి ఇబ్బంది పడుతోందని నేనే దవాఖానకు తీసుకెళ్లాను. డాక్టరు మెడ తడిమి, ఎక్స్‌రే తీయించమన్నాడు. మర్నాడు నాకు బడిలో పరీక్షలున్నాయి. పక్కింటావిడ తోడుగా ఆటోలో వెళ్లింది. నేను సాయంత్రం వచ్చేసరికి చిన్నమ్మ బియ్యంలో రాళ్లు ఏరుతోంది.

"ఏమన్నరు?"

"ఏం లేదంట. ఉప్పు నీళ్లు పుక్కిలించమన్నరు."

నేను నమ్మాను. ఎందుకు నమ్మను? ఆమె నాతో ఎప్పుడూ అబద్ధమాడలేదు. ఉప్పు నీళ్లు నేనే కాచి ఇచ్చాను. ఎండాకాలం యాసంగి వరి కోతలు వచ్చేనాటికి ఆమె అన్నం మానేసి గంజి మాత్రమే తాగుతోంది. మళ్లీ తీసుకెళ్తే డాక్టరు పాత ఎక్స్‌రే ఏదని అడిగాడు. చిన్నమ్మ తల దించుకుంది.

ఆ రోజు ఎక్స్‌రే గదిలో మెడలోది తీసి పక్కన పెట్టమన్నారట. తీయనని చెప్పి, బయటికి వచ్చి, అయిపోయిందని చెప్పేసింది. "అయిపోయిందన్నారండీ పెద్దమ్మగారు, నేను లోపలికెళ్లి అడగనైనా లేదు" అని పక్కింటావిడ మా గుమ్మంలో నిలబడి ఏడ్చింది. ఆమెను ఓదార్చే ఓపిక కూడా నాకు లేకపోయింది.

డాక్టరు నిజామాబాద్‌లో పెద్ద స్కానింగు రాశాడు. మెడ మీద పూచికపుల్లంత లోహం కూడా ఉండకూడదన్నాడు. ఇంటికి వచ్చి నేను చిన్నమ్మ మీద అరిచాను. ఆమె మీద అంతకు ముందు నేనెప్పుడూ గొంతెత్తలేదు.

"గా బిళ్ల కోసం పానం తీసుకుంటవా చిన్నమ్మా?"

"నా పానం పోతే పోనియ్యి. నీకేమన్నైతే?"

"నాకేమైతది? నా తల చూడు, తెల్లగైంది. గిప్పుడు నన్నెవరు తీస్కపోతరు?"

"నువ్వు తల్లివి గాలేదా? తల్లికి బిడ్డ ముసలిదైతదా?" అంది.

 ఆమెకు బతకాలని లేదని కాదు. మామిడికాయ పచ్చడి పెట్టాలి, నా కూతురు కానుపుకు వస్తే చూడాలి అని ఎన్నో అనుకునేది. నాకు అమ్మ మీద కూడా కోపం వచ్చింది. నీ చెల్లెలని ఒకామె ఇన్నేళ్లు నిన్ను మోసింది, కాసేపు దిగలేవా అని మనసులోనే తిట్టాను. చివరికి వేరే దారి లేక ఆమె భయాన్నే వాడుకున్నాను. నువ్వు తీయించుకునేదాకా నేను ముద్ద ముట్టనని కంచం నెట్టేశాను. రెండో పూట గడిచేసరికి ఆమె ఓడిపోయింది. నేను పస్తుంటే ఆమె ఏనాడూ ఓర్చుకోలేదు.

తర్వాత జరిగింది ముందే చెప్పేస్తాను. ఆలస్యమైందన్నారు. ఎక్స్‌రే నాడే తెలిసి ఉంటే ఏమైనా చేసేవాళ్లమన్నారు. వానలు మొదలయ్యే ముందు చిన్నమ్మ పోయింది. చివరి స్నానమప్పుడు ఆడవాళ్లు పుతలి విప్పి నా చేతిలో పెట్టి, మంజీర నదిలో కలపమన్నారు. కలపలేదు. కొండి మాత్రం ఇన్నాళ్లకు అతికించాను. మెడలో వేసుకునే హక్కు నాకు లేదు, బీరువాలో పెట్టి తాళం వేసే మనసూ లేదు. దేవుడి గూట్లో ఉంచాను. ఆ పాడు బంగారం కోసం ఆమె పోయిందని ఒక రోజు అనిపిస్తుంది. నా కోసం పోయిందని మరో రోజు అనిపిస్తుంది. రెండో రోజు మోయడం కష్టం.

నేను మరవలేనిది మాత్రం నిజామాబాద్‌లో స్కానింగు గది ముందు గడిచిన కాసేపు.

బెంచీ మీద కూర్చుని చిన్నమ్మ నావైపు వీపు తిప్పింది. ముడి గట్టిపడి విప్పడానికి చాలాసేపు పట్టింది. దారం ఉన్న చోట మెడ చుట్టూ చర్మం తెల్లటి గీతలా ఉంది, ఎండ తగలని చర్మం. నేను పుతలి చేతిలోకి తీసుకోగానే ఆమె దానివైపు వంగి మాట్లాడింది.

"అక్కా, జెరంత సేపే. బిడ్డె అడిగింది, నేను గాదు. బిడ్డె చేతులనే ఉంటవు. యాడికీ పోకు."

తర్వాత నాతో, "గుప్పిట ఇప్పకు, కింద వెట్టకు" అంది. లోపలి నుంచి పిలిచారు. లేచి, బోసి మెడను కొంగుతో కప్పుకుని, గోడ పట్టుకుని నడిచింది. ఎంత చిన్నదైపోయిందో వెనక నుంచి చూస్తే తెలిసింది.  అనుకుని అనలేదు, నోటి నుంచి వచ్చేసింది.

"అమ్మా!"

తలుపు దగ్గర ఆగింది. చేయి అలవాటుగా మెడ దగ్గరికి పోయింది. వేళ్లు అక్కడ వెతికాయి. దొరకలేదు. చేయి అలాగే ఉంచి నావైపు తిరిగింది. 

"ఏంది బిడ్డా?" అంది.

 "ఏం లేదు, భయపడకు" అన్నాను. తలూపి లోపలికి వెళ్లింది. నేను గుప్పిట బిగించుకుని, పోయేవాళ్లూ వచ్చేవాళ్లూ చూస్తున్నా సరే, ఏడ్చాను.

బయటికి వచ్చాక బెంచీ మీద కూర్చుని, అడగకుండానే తల వంచింది. పుతలి నా చెమటకు తడిసి ఉంది. పైటతో తుడిచి, ఆ తెల్లటి గీత మీదే దారం వేసి, ముడి గట్టిగా కట్టాను. ఆమె దాన్ని ఒకసారి తడిమి చూసుకుని కొంగు లోపలికి తోసుకుంది.

"చిన్నమ్మా, పోదమా?" అన్నాను.

"పా బిడ్డా" అంది.