నీడ లేని మనిషి మ్యాట్నీ

ఆత్మకూరులో మ్యాట్నీ అంటే అక్కకు ప్రాణం. ఆ రోజు మాత్రం నేనే రెక్క పట్టుకుని లాక్కెళ్లాను. లారీ తోలే మా బావ సరుకు వేసుకుని బొంబాయి వైపు వెళ్లి నెల దాటింది. ఉత్తరం లేదు, జాడ లేదు. ఆ దారిలో వరదకు లారీలు కొట్టుకుపోయాయని బస్టాండులో ఎవరో అన్నప్పటి నుంచి అక్క అన్నం సరిగా ముట్టడం లేదు. సంగతి కనుక్కుందామని ఉదయగిరి నుంచి తొలి బస్సుకు వస్తే, లారీ ఓనరు సాయంత్రానికి గానీ రాడన్నారు. అందాకా అక్క ముఖం చూస్తూ ఆ ఆఫీసు అరుగు మీద కూర్చోవడం నా వల్ల కాలేదు. నాకసలే ఓపిక తక్కువ. కబురేదైనా వస్తే సినిమా హాలుకు పంపమని గుమాస్తాకు చెప్పి బయలుదేరదీశాను.

పోస్టరు మీద కత్తులున్నాయి. ఫైటింగ్ పిక్చరనుకున్నాం. తీరా చూస్తే జపాను వాళ్ల దయ్యాల సినిమా. ఆకాశమంతా నెత్తురు రంగు. మంచులో పాతిన కత్తులు వాటంతటవే లేచి నడుస్తున్నాయి. బెంచీల వాళ్లు మొదట ఈలలేశారు గానీ కాసేపటికి నోళ్లు మూసుకున్నారు. యుద్ధానికి పోయిన వీరుడు ఇల్లు చేరాడు. పెళ్లాం దీపం వెలిగించింది. కాగితపు గోడ మీద ఆమె నీడ పడింది, కుండ నీడ పడింది, పిల్లి నీడ కూడా పడింది. అతనికి మాత్రం నీడ లేదు. ఆమె అది చూసి కూడా అన్నం వడ్డించింది.

అక్క గోళ్లు నా చేతిలో దిగబడ్డాయి.

"చచ్చిపోయినాడు గదే," అంది.

"సినిమా అక్కా అది. గమ్మునుండు," అని కసిరాను.

సరిగ్గా అప్పుడే బొమ్మ మీద అడ్డంగా స్లయిడు పడింది. హాల్లో ఉన్నవాళ్లను పిలవాలంటే ఆ రోజుల్లో గాజు పలక మీద రాసి అలా వేసేవాళ్లు. 'లారీ ఆఫీసుకు వచ్చిన ఉదయగిరి వారు వెంటనే బయటకు రావలెను.' ఆ అక్షరాల వెనక వీరుడు అన్నం తింటూనే ఉన్నాడు.

"నేను రాను. నువ్వు పోయి విను. విని నాకు చెప్పొద్దు," అంది అక్క.

బలవంతంగా లేపాను. బయట వెలుతురుకు కళ్లు బైర్లు కమ్మాయి. గేటు పక్కన రేకుల కింద బావ నిలబడి ఉన్నాడు. గడ్డం పెరిగింది, కాలికి కట్టు ఉంది.

"వరదకు రోడ్డు తెగిపోయినాది. మీరు ఈడ ఉండారని గుమాస్తా చెప్పినాడు," అన్నాడు.

నాకు ఏడుపూ నవ్వూ ఒకేసారి వచ్చాయి. అక్క మాత్రం మెట్ల మీదే ఆగిపోయింది. అతని ముఖం చూడటం లేదు, కాళ్ల దగ్గర నేల చూస్తోంది. రేకుల కింద ఎవరి నీడా కనబడదు.

"ఎండలోకి రా, బావా," అంది అక్క.

"ఏంది మే?"

"ముందు ఎండలోకి రా."

బావ నా వైపు చూశాడు. నిజం చెప్తున్నా, నేనూ ఊపిరి బిగబట్టాను. అతను కుంటుకుంటూ ఎండలోకి వచ్చాడు. సాయంత్రపు నీడ పొడుగ్గా మట్టి మీద సాగి మెట్ల దాకా వచ్చింది. అక్క దాని పక్కన కూలబడి, రెండు చేతులూ దాని మీద ఆనించి, బావురుమంది.