నస్రీన్ ఇంటి లైటు

మాది సర్కారు ఇళ్లిచ్చిన కొల్లూరు డబుల్ బెడ్‌రూం కాలనీ. పోయిన చలికాలం ఒక తెల్లగడ్డం విదేశీయుడు రోజూ పొద్దుగూకే వేళ కింద నిలబడి, చిన్న అద్దం కంటికి పెట్టుకుని మా బ్లాకు కిటికీలనే చూసేవాడు.

"సర్వే చేస్తున్నడు వదినా. లైటు లేని ఇల్లు ఖాళీ అని వాపస్ గుంజుకుంటరు" అంది పై అంతస్తు యాదమ్మ.

పక్కింటి నస్రీన్ కాన్పుకని జహీరాబాద్‌లోని పుట్టింటికి పోతూ తాళంచెవి నాకిచ్చింది. వెంటనే ఆమె ఇంట్లో లైట్లన్నీ వేసి, బాల్కనీలో నా చీరలు ఆరేశాను.

కాసేపటికి ఆయన వెంట ఉండే తెలుగు మనిషి పైకొచ్చాడు.

"సార్ ఇరాన్‌ల పెద్ద కెమెరామన్ అమ్మా. జిందగీ మొత్తం లైట్లు పెట్టకుండ, ఉన్న వెలుతుర్లనే సినిమాలు తీసిండు. గింత పెద్ద బిల్డింగుల ఒక్క చీకటి కిటికీ కావాలంటున్నడు. ఆ పక్కింటి లైటు జెర బంద్ చెయ్యి."

ఇదే ఉచ్చేమో! ఆర్పగానే ఫొటో తీసి, ఖాళీ ఇల్లని రుజువు చూపిస్తే?

"నస్రీన్ ఇంట్ల బంద్ చెయ్య. కావాల్నంటే మా ఇంట్ల చేస్త" అన్నాను.

మా లైట్లు ఆర్పి, ఇక్కడ మనిషి ఉందని తెలియాలని కిటికీకి ఆనుకుని నిలబడ్డాను. మిగిలిన కాస్త వెలుతురులో కింద ఆయన పెట్టిన కెమెరానే గుడ్లురిమి చూశాను. ఆయన చాలాసేపు తీశాడు. చివరికి గుండె మీద చెయ్యి పెట్టుకుని నాకు సలాం చేశాడు.

ఆ సినిమా ఎప్పుడొస్తుందో తెలియదు. చూసినవాళ్లు మాత్రం, పాపం, ఆ కిటికీలో ఆమె ఎవరి కోసమో ఎదురుచూస్తోందని కళ్లు తుడుచుకుంటారేమో. నేను నస్రీన్ ఇంటికి కాపలా కాస్తున్నాను.