చిక్కడపల్లి టైము

సిద్ధాంతి గారు పోయారని మంగళవారం పొద్దున్నే తెలిసింది. నేను ఏడుస్తుంటే మా అమ్మ అన్న మొదటి మాట: "ఎందుకే అంత ఏడుపు? నీ దిక్కు అబద్ధం చెప్పేటాయన పోయిండనా?" మూడేళ్లుగా మా ఇంట్లో అందరి నమ్మకమూ అదే. కుదిరిన సంబంధం చెడగొట్టమని ఆయన్ని నేనే ఉసిగొల్పానట.

ఆయన పంచాంగం లెక్కలు కట్టేవారు. ఇల్లు చిక్కడపల్లిలో, నేను నారాయణగూడ కాలేజీకి వెళ్లే దారిలోనే. చేతికి రెండు గడియారాలుండేవి. ఒకటి అందరి టైము. రెండోది దానికి పదహారు నిమిషాలు వెనక. దేశమంతటికీ ఒకే టైము పెట్టారు గానీ, సూర్యుడు మన నెత్తి మీదికి అంత ఆలస్యంగా వస్తాడని ఆయన లెక్క. ఎవరైనా టైమెంతంటే, "ఏ టైము నాయనా? సర్కారుదా, చిక్కడపల్లిదా?" అనేవారు.

"చిక్కడపల్లిదే చెప్పు సారూ, ఇంక జర సేపు అమ్ముకుంట" అనేవాడు కూరగాయల బండాయన.

నా జాతకం చూడడానికి అశోక్‌నగర్‌లోని మా ఇంటికి వచ్చిన రోజు, ఆయన మా గోడ గడియారం వంక చూసి, తన చెయ్యి చూసుకున్నారు.

"ఇదేంది, ఇరవై నిమిషాలు ముందున్నది?"

"బస్సు తప్పొద్దని గట్లనే పెడ్తం సిద్ధాంతి గారూ, మా నాయన కాలం నుంచి" అన్నాడు మా నాన్న, గొప్పగా.

"అమ్మాయి ఈ ఇంట్లనే పుట్టిందంటిరి. టైము దీంట్లనే చూసి రాసిండ్రా?"

అవునన్నట్టు నాన్న తలూపాడు. ఆ ఇరవై నిమిషాలు తీసేస్తే లగ్నం మారింది. కలిసిన జాతకాలు కలవకుండా పోయాయి.

"ఇరవై నిమిషాలకు ఏమైతది? మీరు జర సర్దుండ్రి" అని నాన్న బతిమాలాడు.

"లెక్కకు మొహమాటం ఉండదయ్యా" అని ఆయన లేచారు.

ఆ గడియారం సంగతి నేను చెప్పలేదు. పుట్టినప్పటి నుంచి చూస్తున్నా, నాకే తట్టలేదు.

మర్నాడు సిద్ధాంతి గారింటికి వెళ్లి, జాతకాల మీద నాకు నమ్మకం లేదని చెప్పాను.

"నమ్మకం ఎవరడిగిండ్రమ్మా? కూడికలు సరిచూస్తవా?"

అలా మూడేళ్లు. నాది క్యాలిక్యులేటరు, ఆయనది పెన్సిలు. తేడా వస్తే, "నీ మిషన్ను మళ్లోసారి అడుగు" అనేవారు. తప్పు ఎక్కువసార్లు నాదే. ఒక్కసారి ఆయనది తప్పయింది. ఆ రోజు ఆయనే లేచి వెళ్లి నాకు చాయ్ పెట్టి తెచ్చారు. మా ఇంట్లో ఎవరూ ఎప్పుడూ నా లెక్క సరైనదని ఒప్పుకోలేదు. ఆయన చాయ్ ఇచ్చి మరీ ఒప్పుకున్నారు.

నిన్న సిద్ధాంతి గారి భార్య ఆయన నోటుబుక్కూ, వెనక నడిచే ఆ గడియారమూ నా చేతిలో పెట్టారు. వచ్చే ఏడాది పంచాంగం కార్తీకం దాకా వచ్చి ఆగింది. ఆ పేజీ చివర పెన్సిల్‌తో రాసి ఉంది: అమ్మాయి సరిచూడాలి.

ఆదివారం ఇంకో సంబంధం వాళ్లు వస్తున్నారు. నాన్న ఈసారి వేరే సిద్ధాంతికి పాత టైముతోనే జాతకం ఇచ్చాడు.

ఆదివారం నేను ఇంట్లో ఉండను. చిక్కడపల్లిలో, ఆయన బల్ల దగ్గర, మార్గశిరం లెక్క మొదలుపెడతాను.